గుంజాల గ్రంథములు

మన గ్రంథాలయ రజతోత్సవ సంచికకు చరిత్ర విషయమైన వ్యాసమొకటి వ్రాసి యిమ్మని కార్యవర్గమువారు కోరిరి. ఏ విషయమైన బాగుండునని వారినే అడుగగా, "మన చందాదారులు పదేపదే తీసికొనిపోవునవి మర్మగ్రంథముల కథలు. అట్టిదేమైన వ్రాయుడు" అనిరి. కొండగుహలో సిద్ధుడొకడు దాచిన పుస్తకము, మానవులెవ్వరికిని తెలియని అక్షరములు, వానిని చదివినవానికి లంకెబిందెల జాడ – ఇట్టి కథలయందు పిల్లలకును పెద్దలకును గల మక్కువ నాకును లేకపోలేదు. కాశీమజిలీ కథలు చదివి పెరిగినవారికి అట్టి పుస్తకములు చుట్టముల వంటివి. మన యూళ్ళలో సయితము ఏ యింటి అటుకమీదనైన పాత తాటాకుల కట్ట కనబడెనా, అది వైద్యగ్రంథమో, పురోహితుని ప్రయోగమో, కరణముగారి పద్దో విచారింపకమునుపే లంకెబిందెల మాట పుట్టును.

అయితే నేను వ్రాయబోవునది కట్టుకథ కాదు. గోదావరి దాటి ఉత్తరముగా పోయి, ఉట్నూరు కొండలెక్కి నార్నూరు చేరినచో, ఆ మండలమున గుంజాల యను గోండుల గ్రామము కలదు. బయటివారెవ్వరును ఎరుగని లిపిలో వ్రాయబడిన పుస్తకములు ఆ గ్రామమున తరతరములుగా నుండెను. అవి యున్నవని లోకమునకు తెలియుటకు మాత్రము 21వ శతాబ్దము రావలసివచ్చెను. ఇంత ఆలస్యమేల జరిగెనను ప్రశ్నయే నాచేత ఈ వ్యాసమును వ్రాయించుచున్నది.

ముందుగా దూరదేశపు పుస్తకములు రెంటిని గూర్చి నాలుగు మాటలు చెప్పెదను, పోలికకు పనికివచ్చును. అమెరికాలోని యేల్ విశ్వవిద్యాలయ గ్రంథాలయమున వోయినిచ్ వ్రాతప్రతి యను పుస్తకము కలదు. 1912లో విల్ఫ్రిడ్ వోయినిచ్ అను పుస్తకవర్తకుడు దానిని కొనుటచే దానికా పేరు వచ్చినది. పుటలన్నియు తోలుతో చేసినవి. వానినిండ ఏ అడవిలోను కానరాని మొక్కలు, నక్షత్ర చక్రములు, కొలనులలో జలకమాడు స్త్రీల బొమ్మలు. వాని నడుమ ఒక్క అక్షరమైనను ఎవరికిని అంతుపట్టని లిపి. తోలును శాస్త్రీయముగా పరీక్షించి అది 1404–1438 సంవత్సరముల నడుమకాలపుదని తేల్చిరి గాని, వ్రాత యేమో తేలలేదు. యుద్ధకాలమున శత్రువుల రహస్యలిపులను విప్పి చదివిన విలియం ఫ్రీడ్‌మన్ వంటి ఘనుడు సయితము దీనియెదుట ఓటమి నంగీకరింపవలసివచ్చెను.

రెండవది మన కాలపుదే. 1981లో ఇటలీకి చెందిన లూయిజీ సెరాఫినీ యను చిత్రకారుడు, లేని లోకమొకదానిని గూర్చి, లేని లిపిలో, పెద్ద విజ్ఞానసర్వస్వమునే వ్రాసి, బొమ్మలు గీసి అచ్చొత్తించెను. ఎందరో ఆ లిపిని చదువ ప్రయత్నించిరి. తుదకు ఆ వ్రాతకు అర్థమేమియు లేదని ఆయనయే చెప్పెను. అనగా మొదటి పుస్తకమును చదువగలవారు ఎన్నడో గతించిరి. రెండవదానిని చదువగలవారు పుట్టనే లేదు. గుంజాల పుస్తకముల సంగతి ఈ రెంటికిని భిన్నము. వానిని చదువగలవారు బ్రదికియే యుండిరి. వారి నడిగినవారు లేరు.

హైదరాబాదు విశ్వవిద్యాలయ పరిశోధకులు, ఆచార్య జయధీర్ తిరుమలరావుగారి నాయకత్వమున, గుంజాలయందు సుమారు పండ్రెండు వ్రాతప్రతులను వెలుగులోనికి తెచ్చిరి. తిరుమలరావుగారు జానపద సాహిత్యమున చాలకాలము కృషిచేసినవారు. ప్రభుత్వ ప్రాచ్యలిఖిత గ్రంథాలయమునకు సంచాలకులుగా పనిచేసినవారు. పాత పుస్తకమును చూచినపుడు అది ఏ కులమువారిదని గాక, అందేమున్నదని అడుగు అలవాటు గలవారు కనుకనే ఈ పని వారివలన అయ్యెనని నా నమ్మకము. ఆ ప్రతులు రమారమి 1750 ప్రాంతమువని నిర్ణయింపబడినది. 2014 సంవత్సరారంభమున ఆ లిపిని, కంప్యూటరుపై దానిని వ్రాయుటకు తయారుచేసిన అక్షరరూపములను ప్రజలయెదుట పెట్టిరి. నాటినుండి దానికి గుంజాల గోండి లిపి యను పేరు స్థిరపడినది. రాజధానులకును మహానగరములకును దక్కని గౌరవమిది: ఒక చిన్న కొండపల్లె పేర ఒక లిపి ప్రపంచమున వ్యవహరింపబడుచున్నది.

ఇచ్చట చదువరులు ముఖ్యముగా గమనింపవలసినది ఒకటి కలదు. ఈ లిపిని చదువుటకు పండితుడెవ్వడును రాత్రింబవళ్ళు తల బ్రద్దలు కొట్టుకొన నక్కరలేకపోయెను. గుంజాలలోనే దానిని చదువను వ్రాయను నేర్చిన వృద్ధులు కొందరుండిరి. ఎందరు? చేతివ్రేళ్ళమీద లెక్కింపదగినంతమంది. వారు చదివి చెప్పగా అక్షరములకు విలువలు తెలిసినవి. పుటలలోని విషయము బయటపడినది. ఆ కొలదిమందియు ఇంకొక పది, పదునైదేండ్లలో ఒకరి వెనుక నొకరు కాలధర్మము చెందియున్నచో, పరిశోధకులకు దొరకునవి కాగితములు మాత్రమే. అప్పుడు గుంజాల ప్రతులు కూడ వోయినిచ్ పుస్తకమువలె అద్దాల పెట్టెలో కూర్చుండి, ఊహలల్లువారికి మేతయై, 'ఆదిలాబాదు అడవులలోని మర్మగ్రంథము' అని పేరుపడి యుండెడివి. ఏ పుస్తకమును పుట్టుకతో మర్మగ్రంథము కాదు. చదువు చెప్పు పెద్దకును, నేర్చుకొను పిన్నకును నడుమ దారి తెగిన దినమున అది మర్మగ్రంథమగును. గుంజాలలో ఆ దారి సన్నని నూలుపోగుగా మిగిలియున్న కాలముననే ఎవరో చూచుట మన యదృష్టము.

గోండి మనకు పరాయి భాష కాదు. ద్రావిడ భాషల వంశవృక్షమున తెలుగు ఏ కొమ్మమీద నున్నదో గోండియు ఆ కొమ్మమీదనే యున్నదని భద్రిరాజు కృష్ణమూర్తిగారు మొదలగు భాషాశాస్త్రవేత్తలు చూపిరి. కుయి, కువి, కొండ మొదలగునవి తక్కిన తోబుట్టువులు. మనము రెండు, మూడు, నాలుగు అని లెక్కించుచుండగా గోండు రండ్, మూండ్, నాలుంగ్ అని లెక్కించును. మన కన్ను అతనికి కన్. మనము పారు నీటిని మాత్రమే ఏరు అందుము. అతడు కడవలోని నీటిని సయితము ఏర్ అనును. ఆదిలాబాదు సంతలలో ఉప్పు, బట్ట అమ్ముకొను మన తెలుగువారు ఈ మాటలను ఎన్ని వేలసార్లు వినియుందురో! విని, 'అడవిభాష' అని ఒక్క మాటతో త్రోసివేసిరి. 2011 జనాభా లెక్కలలో గోండి తమ మాతృభాష యని చెప్పినవారు దేశమునందు 29 లక్షలకు పైబడియున్నారు. అంతమంది భాషకు రాజ్యాంగపు ఎనిమిదవ షెడ్యూలున చోటు దొరకలేదు.

అట్టి భాషకు లిపి లేదను మాట మాత్రము బహుకాలము నిలిచినది. గోండులకు పాటయే గాని వ్రాత లేదని, వారి చరిత్ర యంతయు నోటిమాటయే యని గ్రంథములలో వ్రాసిరి, బడులలో చెప్పిరి. 1940లో జోడేఘాట్‌వద్ద కొమురం భీము నిజాము బలగముల తుపాకులకు బలియైన పిమ్మట, గోండుల మనోవ్యథకు కారణమేమో తెలిసికొన ప్రభుత్వమునకు బుద్ధిపుట్టెను. ఆ పనికి హైమన్‌డార్ఫ్ అను ఆస్ట్రియా దేశపు మానవశాస్త్రవేత్త ఆదిలాబాదునకు వచ్చెను. ఆయన మార్లవాయి గ్రామమున గోండుల నడుమ కాపురముండి, వారి భాష నేర్చి, వారి మేలునకై పాటుపడెను. 1943లో మార్లవాయియందు గోండు యువకులను ఉపాధ్యాయులుగా తీర్చు శిక్షణకేంద్రము వెలసెను. గోండి భాషలోనే వాచకములు వ్రాయించిరి. ఉర్దూ తప్ప వేరొక మాట బడిలో వినరాని ఆ కాలమున అది సామాన్యమైన పని కాదు. మార్లవాయి ప్రజలు ఆయనను, ఆయన భార్య బెట్టీ ఎలిజబెత్తును ఇప్పటికిని తలచుకొందురు. వారిరువురి సమాధులును ఆ గ్రామముననే యున్నవి.

కాని ఆ గోండి వాచకములు అచ్చయినది దేవనాగరి లిపిలో. ఆదిలాబాదున మరాఠీ వ్యాప్తిలో నున్నది గనుక పిల్లలకు సులువగునని అట్లు చేసిరి. అందు దోషమేమియు లేదు. భాషకు లిపి లేదని నమ్మినవారు అంతకంటె మంచిపని చేయజాలరు. అయినను తలచుకొనిన మనసు చివుక్కుమనును. గోండి అక్షరములు దిద్దిన చేతులు ఆ ఉట్నూరు కొండలలోనే ఒక గ్రామమున నుండగా, గోండి పిల్లవాని మొదటి వాచకము ఎరువు తెచ్చుకొన్న లిపిలో అచ్చయ్యెను. గోండుల మేలుకోరిన ఆప్తునికే ఆ పుస్తకముల సంగతి తెలియరాలేదన్న, తక్కినవారిని తప్పుపట్టి ఏమి ప్రయోజనము?

గుంజాలవారు తమంతట తామేల చెప్పలేదని కొందరడుగవచ్చును. దానికి నాకు తోచిన సమాధానమిది. ఆ కాలపు గోండునకు కాగితమన్నచో చేటు. పట్టా కాగితము ఉర్దూలో నుండును. అడవి కచేరివారి హుకుము ఉర్దూలో నుండును. షావుకారు చిట్ఠా మరాఠీలోనో తెలుగులోనో యుండును. తాతలు కొట్టి చదునుచేసిన భూమి కాగితముమీద మరియొకరి పేర నున్నదని ఒకనాడు పట్వారి చెప్పును. గోండు పశువులను తోలుకొని ఇంకొక కొండకు పోవును. ఇట్టి ఉదాహరణములు హైమన్‌డార్ఫ్ వ్రాతలలో కోకొల్లలు. వ్రాత యనునది తమ నోరునొక్కు సాధనముగా మాత్రమే చూచినవాడు, తన యింటనున్న వ్రాతను కచేరి మనుష్యులకు చూపునా? దాచుకొనును. దాచుకొన్నదానిని బయటివారు 'లేదు' అనుకొందురు.

లేదనిపించుకొనుట మనకును అనుభవమే. తెలంగాణమున కవులే లేరని ఒక పండితుడు వ్రాయగా, సురవరము ప్రతాపరెడ్డిగారు పల్లెపల్లెకు కబురులు పంపి, కవితలు తెప్పించి, 1934లో గోలకొండ కవుల సంచికను వెలువరించిరి. అందు 354 మంది కవులు కానవచ్చిరి. వారెవ్వరును ఆ సంవత్సరమే పుట్టినవారు కారు గదా! నాడు మనకు అంత కోపము తెప్పించిన మాటనే మనము గోండులను గూర్చి ఎన్నడు మానుకొంటిమి? ఆ సంచికను గర్వముతో చూపు మన గ్రంథాలయములే 'గోండికి లిపి లేదు' అను పుస్తకములను చాలకాలము చందాదారులకు అందించినవి.

మన కరీంనగరు సీమలోనే ఇట్టిది మరియొకటి కలదు. గంగాధర మండలమున కురిక్యాల సమీపాన బొమ్మలగుట్టమీద జినవల్లభుడు చెక్కించిన శాసనమున్నది. వేములవాడ చాళుక్యుల ఆస్థానకవి పంపమహాకవికి జినవల్లభుడు తమ్ముడు. 10వ శతాబ్దినాటి ఆ శాసనము సంస్కృతము, కన్నడము, తెలుగు అను మూడు భాషలలో నున్నది. అందు తెలుగు కందపద్యములున్నవి. నన్నయకు వంద యేండ్ల మునుపటి కందములవి! గొఱ్ఱెలకాపరులు ఆ బండ నీడన తరతరములుగా కూర్చుండిరి. రాతిమీద అక్షరములున్నవని వారెరుగుదురు. పండితులకు దాని విలువ తెలియుటకు 20వ శతాబ్దము రావలసివచ్చెను. అయినను అది రాయి. వేయి యేండ్లు వేచియుండినది. గుంజాలలోనివి కాగితములు. వానకు, పొయ్యిపొగకు, చెదపురుగునకు తట్టుకొని రెండున్నర శతాబ్దములు నిలిచినవన్న, ఏదో యొక చేయి ఎప్పటికప్పుడు వానిని విప్పి, దులిపి, మరల కట్టి పెట్టుచుండవలెను. ఆ చేతుల పేర్లు చరిత్రకెక్కలేదు.

ఇక పుస్తకములలో నేమున్నదను మాటకు వచ్చెదను. పరిశోధకులు వెల్లడించినదానినిబట్టి, పర్దానులకు 6, 7 శతాబ్దములలో బర్మా దేశముతో గల వర్తక సంబంధములు, ఇంద్రవెల్లి పుట్టుపూర్వోత్తరములు, చాందా గోండురాజుల వృత్తాంతము, తెల్లదొరలపై తిరుగుబాటు మొదలగునవి అందు కలవు. లంకెబిందెలు మాత్రము లేవు.

పర్దానులనగా ఎవరో మన చందాదారులందరికిని తెలియకపోవచ్చును. గోండులు తమ వంశములను సగలుగా విభజించుకొందురు: నలుగురన్నదమ్ముల వారు, అయిదుగురి వారు, ఆరుగురి వారు, ఏడుగురి వారు. ఆయా వంశముల దేవతల కథలను, వలసలను, పెద్దల పేర్లను కంఠస్థము చేసి, పెర్సపేన్ పండుగలలో కిక్రి వాయించుచు పాడువారు పర్దానులు. కిక్రి యనగా కమానుతో వాయించు తంత్రీవాద్యము. మన మాదిగలకు జాంబపురాణము చెప్పు డక్కలివా రెట్లో, గోండులకు పర్దాను లట్లు. గోండునకు తన తాతముత్తాతల సంగతి కావలెనన్న పర్దానుని పిలువవలసినదే. అతని పాట ముందు, పుస్తకము వెనుక. కావున వ్రాతప్రతులు దొరికినవి గదా యని పాటను తక్కువచేయరాదు. పర్దానుల వర్తకము పుస్తకమున కెక్కినదన్న, అంతకుమునుపు అది ఎవరి నోటనో నిలిచియుండవలెను గదా.

ఇచ్చట కొంత జాగ్రత్త యవసరము. 1750 ప్రాంతపు పుస్తకమున 6వ శతాబ్దపు వర్తకమును గూర్చి యున్నదన్న, అది 6వ శతాబ్దపు సాక్ష్యము కాదు; వేయి యేండ్ల తరువాత మనుష్యులు జ్ఞాపకముంచుకొన్న మాట. రెంటికిని చాల భేదము. అట్లే తెల్లదొరలపై తిరుగుబాటు సంగతి. చాందా రాజ్యము 1751లో నాగపురపు భోంస్లేల వశమైనది; ఆ సీమ ఇంగ్లీషువారి యేలుబడిలోనికి సూటిగా వచ్చినది 1853 తరువాతనే. చాందాలో బాబూరావు షెడ్మాకే తిరుగబడి ఉరికంబమెక్కినది 1858లో. మన నిర్మలలో రాంజీ గోండును ఉరితీసినది 1860లో. కాబట్టి తెల్లదొరలతో పోరిన కథ ఆ ప్రతులలో నున్నచో, ఆ భాగము 1750 నాటి చేతివ్రాత కానేరదు. తరువాతివారు చేర్చినదో, తిరిగి వ్రాసినదో కావలెను. ఇది గుంజాల గ్రంథములకు తక్కువ కాదు. నా దృష్టిలో ఎక్కువయే. ఒక్క తరము వ్రాసి మూటకట్టిన పుస్తకమైనచో అది చచ్చిన పుస్తకము. తరువాతి తరమువాడు తన కాలపు సంగతిని అదే లిపిలో చేర్చెనన్న, అది వాడుకలోనున్న చదువు.

మరియొక తలపు. 1750, 1751 – ఈ రెండు సంవత్సరములు ఇంత చేరువగా నుండుట నన్ను ఆలోచింపజేయుచున్నది. చాందా కొలువు కూలిపోవుచున్న కాలమున, కొలువును నమ్ముకొన్న చదువరులెవరైన తమకు తెలిసినదానిని వ్రాసిపెట్టుకొని కొండలు చేరిరేమో! రాజ్యము పోవునపుడే మనుష్యునకు వ్రాసిపెట్టుకొనవలెనని తోచును. ఇది నా ఊహ మాత్రమే. ఋజువని ఎవరును తీసికొనరాదు.

లిపిని గూర్చి కొంత వివరముగా చెప్పుట యవసరము, ఏలయన అందే అసలు వింత యున్నది. మన అక్షరమాలలో హల్లులు క, ఖ, గ, ఘ అని కంఠమున ఆరంభమై, తాలువు, మూర్ధము, దంతములు దాటి పెదవులయొద్ద ప, ఫ, బ, భ, మ అని ముగియును. అటుపిమ్మట య, ర, ల, వ. దేవనాగరియందు, కన్నడమునందు, ఒరియాయందు ఇదియే వరుస. గుంజాల లిపిలో హల్లుల వరుస 'య'తో మొదలగును. య, వ, బ, భ, మ – ఆ తరువాతనే క, ఖ. పిమ్మట త, థ, ల. అటుపై గ, ఘ, ద, ధ, న. మన బడిలో పలకబట్టిన పిల్లవానికి ఈ వరుస వినిపించినచో, వీడెవడో పాఠము మరచినాడని నవ్వును. కాని ఇది మరపు కాదు. వేరొక గురువు నేర్పిన వేరొక పాఠము.

అయితే బ ప్రక్కన భ, క ప్రక్కన ఖ, త ప్రక్కన థ – ఈ జంటలు చెదరలేదు. హల్లున అకారమిమిడియుండుట, అచ్చులకు గుణింతపు గుర్తులుండుట, ఎడమనుండి కుడికి వ్రాయుట మన లిపివలెనే. దీనినిబట్టి ఈ లిపిని కూర్చినవారు ఇరుగుపొరుగు లిపుల స్వభావమును చక్కగా ఎరిగియుండియు, వాని వరుసను మాత్రము అనుసరింప నిచ్చగింపలేదని నాకు తోచుచున్నది. ఎరుగక చేసినదానికంటె ఎరిగియు వేరుగా చేసినది గొప్ప.

గోండికి మరియొక లిపియు కలదు. మధ్యప్రదేశపు బాలాఘాట్ జిల్లాకు చెందిన మున్షీ మంగళసింగ్ మసారాం 1918లో దానిని కల్పించెను. తన జాతికి లిపి లేదను నిందను బాపుటకు ఒక మనుష్యుడు తానే అక్షరములు గీయుట ఎంత పట్టుదల! అతని లిపికిని గుంజాల లిపికిని సంబంధము లేదు. ఆయన కూడ గుంజాలను ఎరుగడు. ఒకే భాష మాటలాడువారు రెండు మూలల రెండు లిపులు కలిగియుండి, ఒకరినొకరు ఎరుగక, లిపి లేనివారని మూడవవారిచేత అనిపించుకొనిరి.

2014 తరువాత పనులు కొంత వేగముగా జరిగినవి. గుంజాలలోనే పెద్దలు పిల్లలకు లిపిని నేర్పసాగిరి. ఉట్నూరు సమగ్ర గిరిజనాభివృద్ధి సంస్థ తోడ్పాటుతో గోండు గ్రామములలోని కొన్ని ప్రభుత్వ పాఠశాలలలో దానిని బోధించుట మొదలిడిరి. వాచకము సిద్ధమైనది. కంప్యూటరులును చేతిఫోనులును లోకములోని లిపులన్నిటిని గుర్తించుటకు యూనికోడ్ అను అంకెల పట్టిక యొకటి కలదు. అందు చోటు లేని లిపి ఈ కాలమున ఉత్తరమునకైనను పనికిరాదు. తెలుగునకు ఆ పట్టికలో 1991లోనే చోటు దొరకినది. మసారాం లిపి 2017లో చేరినది. 2018 జూన్ మాసమున గుంజాల గోండి లిపికి చెందిన 63 గుర్తులను అందు చేర్చిరి. ఇప్పుడు గుంజాల అక్షరము న్యూయార్కులోని యంత్రమునకును తెలియును, టోక్యోలోని యంత్రమునకును తెలియును.

యంత్రమునకు తెలియుట వేరు, ఇంటిలో వాడుట వేరు. గోండు పిల్లవాడు ఇంట గోండి మాటలాడి, బడిలో తెలుగును, పైతరగతులలో ఇంగ్లీషును చదువవలెను. ఉద్యోగమునకు గాని, బ్యాంకున సంతకమునకు గాని, పట్టా పుస్తకమునకు గాని గుంజాల లిపి అక్కరకు రాదు. అక్కరకు రానిదానిని నేర్వుమనుట పిల్లవానికి బరువే. తలిదండ్రులకు గల ఈ సందేహమును తప్పని నేననజాలను. కాని బాకీ చీటి, పెండ్లిపిలుపు, దండారి పాట, ఊరిపేరు పలక – ఇట్టి చిన్నచిన్న వ్రాతలతోనే ఏ లిపియైనను నిలుచును. రాజశాసనములతోనే తెలుగు లిపి నిలిచెనా? కరణముల పద్దులతోను, ఇంటింటి ఉత్తరములతోను నిలిచినది.

ఈ వ్యాసమును కార్యవర్గమువారికి చదివి వినిపించిన సాయంకాలము, మన అలమారలలో గోండి పుస్తకము ఒక్కటైనను లేదని తేలినది. గుంజాల వాచకము నొకదానిని తెప్పించి, కాశీమజిలీ కథల ప్రక్కన చోటు చేయుటకు వారు ఒప్పుకొనిరి. నా చేతిఫోనున ఆ లిపిలోని 'య'ను చూపగా, మన గ్రంథపాలకుడు దానిని చిత్తుకాగితముపై రెండుమార్లు వ్రాసి చూచెను. పిమ్మట, పుస్తకము వచ్చినపుడు నమోదుపుస్తకమున దాని పేరు ఏ లిపిలో వ్రాయవలెనని అడిగెను.